మనుషులు లేని గీత

మా కింది వాటాలో ఉండే దివాకర్‌కు మాటలు తక్కువ. తార్నాకలో మా గల్లీ మొదట్లోనే ఆయన భార్య శైలజ జాకెట్లు కుట్టే దుకాణం ఉంది. పొద్దున షట్టర్ లేచింది మొదలు అక్కడ మాటలే మాటలు. ఆ ఇంటికి రావాల్సిన మాటలన్నీ ఆమె ఒక్కతే వాడేసుకున్నట్టు, దివాకర్ తలూపుతాడు, నవ్వుతాడు, స్కూటర్ తీసుకుని యూనివర్సిటీకి పోతాడు. ఈ సంగతి కూడా ఆయన ఒక్కసారిగా చెప్పింది కాదు. మేడ మీద బట్టలు తీసేటప్పుడో, కరెంటు పోయి మెట్ల మీద కూర్చున్నప్పుడో ముక్కలు ముక్కలుగా చెప్పాడు. మిగతాది శైలజ చెప్పింది. పై వాటాలో అద్దెకుంటున్న నేను అన్నీ కలుపుకుని చెబుతున్నాను.

ఆయనది జనగామ దగ్గర పల్లె. నాయన బుచ్చిరాములు పత్తి వేసేవాడు. దివాకర్ ఐటీఐ చదివి, యూనివర్సిటీలో భూమి పొరల గురించి చదువు చెప్పే డిపార్టుమెంటులో టెక్నీషియన్‌గా చేరాడు. ఒక యంత్రాన్ని చూసుకోవడమే ఆయన పని. క్యాంపస్‌లో జనం తిరిగే రోడ్లకు దూరంగా బండరాళ్ల గుట్ట ఒకటి ఉంది. ఆ గుట్ట అడుగున రాతిని తొలిచి కట్టిన చిన్న గది. కిటికీ లేదు. లోపల రాతికే బిగించి పెట్టిన యంత్రం నేల కదలికను పసిగడుతుంది. దాని పక్కన మెల్లగా తిరిగే పీపా, పీపాకు చుట్టిన తెల్ల కాగితం, కాగితం మీద కొద్దికొద్దిగా పక్కకు జరుగుతూ, ఆగకుండా గీత గీసుకుంటూ పోయే పెన్ను. ఎక్కడ భూకంపం వచ్చినా ఆ పెన్ను వణుకుతుంది. నేరుగా కంప్యూటర్‌లోకి ఎక్కించే కొత్త యంత్రం కూడా తర్వాత పక్కనే వచ్చి కూర్చుంది కానీ, ప్రొఫెసర్ శ్రీనివాసులు సారు పాతదాన్ని తీయనీయలేదు.

"నడిచినంత కాలం నడవనీలే దివాకర్. దానికేమన్నా మనం అన్నం పెట్టాల్నా?" అనేవాడట. కడప వైపు మనిషి ఆయన. హబ్సిగూడలో ఒక్కడే ఉండేవాడు.

అన్నం కాదు గానీ సిరా పోయాలి. రోజూ నిండిన కాగితం తీసి కొత్తది చుట్టాలి. ఆ పని దివాకర్‌ది.

చేరిన కొత్తలో ఆయనకు ఒకటి అర్థం కాలేదు. భూకంపాలేవీ లేని రోజు కూడా ఆ గీత నున్నగా ఉండేది కాదు. తెల్లవారేసరికి గొంగళిపురుగులా నూగు మొలిచేది. పగలంతా అట్లాగే ఉండి, ఊరు పడుకున్నాక సన్నబడేది. సారును అడిగితే ఆయన నవ్వాడు.

"అది మనమేనప్పా. బస్సులు, రైళ్లు, గ్రైండర్లు, మెట్లు దిగే పిల్లోళ్లు. ఇంతమందిమి కలిసి నేలను తొక్కుతా ఉంటే రాతికి తెలియదా?"

అప్పటి నుంచి దివాకర్‌కు ఆ నూగు అంటే ఒక ఇష్టం ఏర్పడింది. మెట్టుగూడ వైపు గూడ్సు బండి పోతే గీత ఎట్లా ఉబ్బుతుందో, ఆదివారం ఎట్లా ఆలస్యంగా నిద్ర లేస్తుందో, వినాయకుడి నిమజ్జనం రోజు ఎట్లా పిచ్చిగా ఊగుతుందో ఆయనకు చూడగానే తెలిసేది. ఇంట్లో శైలజ మిషను తొక్కుతుంటే, "నువ్వు కూడ గా గీతల ఉన్నవ్" అన్నాడట ఒకసారి. ఆమెకు ఏమీ అర్థం కాలేదు.

తర్వాత లాక్‌డౌన్ వచ్చింది. నేనప్పుడు కర్నూలులో మా అమ్మ దగ్గర చిక్కుకుపోయాను. ఊరంతా తలుపులు వేసుకున్నా, యంత్రం మాత్రం ఆగకూడదని దివాకర్‌కు పాసు ఇచ్చారు.

"ఏందయ్యా, భూకంపం వస్తే మనకు తెల్వదా? గా మిషన్ చెప్తేనే తెలుస్తదా?" అని శైలజ గొడవ పెట్టుకుంది. ఆయన ముఖానికి రుమాలు కట్టుకుని బయల్దేరాడు.

తార్నాక చౌరస్తాలో సిగ్నల్ ఎర్రగా ఉంది. అలవాటు కొద్దీ ఆగాడు. నాలుగు వైపులా మనిషి లేడు. ఎర్ర దీపం పోయి పచ్చది వెలిగింది, అటుపక్క ఎర్రది వెలిగింది. ఆగడానికి గానీ కదలడానికి గానీ ఎవరూ లేకపోయినా, దాని పని అది ఒక్క తప్పు లేకుండా చేసుకుపోతోంది. మూతపడ్డ షాపుల మధ్య ఒక ఏటీఎం లోపలి నుంచి ఆడగొంతు కార్డు పెట్టమని చెబుతోంది. ఎవరికి చెబుతోందోనని తొంగి చూశాడు. లోపల ఏసీ గాలికి ఒక కుక్క పడుకుని ఉంది. క్యాంపస్‌లోకి పోతే ఒక కాలేజీలో క్లాసు బెల్లు మోగింది. ఎవరూ బయటికి రాలేదు, ఎవరూ లోపలికి పోలేదు. మెట్ల మీద నెమళ్లు మాత్రం బెల్లుకు తలెత్తి, మళ్లీ దించుకున్నాయి.

గుట్ట కింది గది తెరిచి లైటు వేశాడు. కాగితం మీద గీత నున్నగా ఉంది. నూగంతా రాలిపోయింది.

యంత్రం చెడిపోయిందనుకున్నాడు. వైర్లు చూశాడు, గడియారం చూశాడు. చివరికి నేల మీద కాలితో గట్టిగా తన్నాడు. పెన్ను ఎగిరి పడింది. మళ్లీ తిన్నగా, వెంట్రుకంత సన్నంగా సాగింది. బయటికొచ్చి సారుకు ఫోన్ చేశాడు. అప్పట్లో ఎవరికి ఫోన్ చేసినా ముందు ఒక దగ్గు వినపడేది, తర్వాత జాగ్రత్తలు చెప్పే రికార్డు గొంతు, ఆ తర్వాతే మనిషి. ఆ దగ్గు సారుదేమోనని దివాకర్ భయపడ్డాడు.

"చెడిపోలేదు దివాకర్," అన్నాడు సారు అంతా విని. "దేశదేశాల్లో అట్లే ఉందంట. నేను కంప్యూటర్లో చూస్తానే ఉండా. మనుషులు లేకపోతే భూమి ఎట్లుంటుందో, అది ఇప్పుడు కనపడతా ఉంది."

ఆ మాట దివాకర్‌ను వదల్లేదు.

రోజులు గడిచేకొద్దీ గీత మీద అంతకుముందెప్పుడూ చూడనివి కనిపించడం మొదలైంది. ఎక్కడో సముద్రాల అవతల వచ్చిన చిన్న చిన్న భూకంపాలు సన్నటి ముడతల్లా తేలేవి. ఒక నెమ్మదైన ఊపు పగలూ రాత్రీ ఉండేది, పడుకున్న జంతువు ఊపిరిలాగా. అది తీరానికి కొట్టుకునే అలల ఊపని సారు చెప్పాడు. ఎంతో దూరాన ఉన్న సముద్రం ఈ రాతిలో ఎప్పుడూ ఉందట, మన చప్పుడులో వినపడలేదంతే. "మెషిన్‌కు ఇప్పుడు చెవులు బాగా పని చేస్తుండాయి" అని సారు సంతోషపడ్డాడు. దివాకర్‌కు మాత్రం ఆ సంతోషం అంటలేదు. మనుషులు తప్పుకున్నాక ఆ యంత్రానికి హాయిగా ఉన్నట్టు, ఇన్నాళ్లూ దీని కోసమే ఓపిక పట్టినట్టు అనిపించింది.

అందుకే గదికి తాళం వేసే ముందు నేల మీద ఎగిరి దూకడం అలవాటు చేసుకున్నాడు. యాభైకి దగ్గరపడ్డ మనిషి, చీకటి గదిలో ఒక్కడే దూకేవాడు. కాగితం మీద చిన్న ముల్లు లేచేది. అది చూసుకుని ఇంటికొచ్చేవాడు. శైలజకు చెబితే నవ్వలేదు. "నువ్వు గాడికి పోవుడు బంద్ చెయ్యి. నీ మొఖం మంచిగ లేదు" అంది.

అట్లాంటి రోజుల్లోనే కాగితం మీద ఆయనది కాని గుర్తు ఒకటి కనపడింది.

పొద్దున్నే ఒక చోట గీత ఉన్నట్టుండి లావెక్కి, కొంతసేపు అట్లాగే ఉండి, ఉన్నట్టుండి సన్నబడింది. మర్నాడు అదే సమయానికి మళ్లీ అట్లాగే. ఎవరో ఉన్నారు! ఆ సంతోషంలో ఆయన గుట్ట చుట్టూ తిరిగాడు. అవతలి వైపు, చెట్లు బాగా పెరిగిన చోట ఒక హాస్టల్ ఉంది. పిల్లలందరినీ ఇళ్లకు పంపించి గేటుకు తాళం వేశారు. దగ్గరికి పోయేసరికి ఊ అని చప్పుడు వినపడింది. విరిగిన గోడ మీదుగా లోపలికి దిగాడు.

వరండాలో ట్యూబులైట్లు పట్టపగలు వెలుగుతున్నాయి. నీళ్లు చల్లబరిచే మిషను గోడ పక్కన గురగురమంటోంది. గదుల తలుపుల మీద పిల్లలు అంటించుకున్న బొమ్మలు, పేర్లు అట్లాగే ఉన్నాయి. "ఎవరన్నా ఉన్నరా?" అని అరిచాడు. ఆయన గొంతు వరండా చివరి దాకా పోయి తిరిగొచ్చింది. ఆ ఊ చప్పుడు బోరు మోటరుది. టైముకు దానంతట అది ఆన్ అవుతుంది, ఆఫ్ అవుతుంది. వాడేవాళ్లు లేక నీళ్లు పైన ట్యాంకు నిండి, గోడ మీదుగా పొర్లి, పాచి పట్టి, వెనక కాలువలా పారుతున్నాయి.

మనుషులనుకుని వస్తే మోటరు. దివాకర్‌కు కోపం వచ్చింది, ఎవరి మీదో తెలియదు. నీళ్లు వృథా పోతున్నాయి కదా అని స్విచ్చి ఆపేసి వచ్చాడు.

మర్నాడు గీత కొన నుంచి కొన దాకా నున్నగా ఉంది. చూసి చాలాసేపు స్టూలు మీద కూర్చుండిపోయాడు. ఉన్న ఒక్క తోడునూ తానే ఆపేసినట్టు అనిపించిందట. మోటరే కావచ్చు, అయినా ఎవరి కోసమో తిరుగుతోంది కదా. ఎగిరి దూకకుండానే ఇంటికొచ్చాడు.

ఆ తర్వాతి రోజు కాగితం తీస్తుంటే పొద్దుటి భాగంలో గీత మళ్లీ ఉబ్బి ఉంది. ఇంకో మోటరు కాబోలు అనుకుని చుట్టబెట్టబోయి ఆగాడు. ఈ ఉబ్బు ఒక్కలాగా లేదు. మొదట కొంచెం పొడుగ్గా ఉంది. మధ్యలో సన్నటి ఖాళీ. మళ్లీ ఉబ్బు, ఈసారి పొట్టిగా. ఖాళీ ఇంకొంచెం ఎక్కువ. మళ్లీ ఉబ్బు, ఇంకా పొట్టిగా. చివరికి వచ్చేసరికి రెండు మూడు ముళ్లు లేచి, ఆగిపోయాయి.

మోటరుకు ఆయాసం రాదు. ఇది ఆయాసపడుతోంది.

తాళం కూడా వేయకుండా గుట్ట ఎక్కి దిగాడు. హాస్టల్ వెనక, వంటశాల పక్కన పాత చేతి బోరింగు ఒకటి ఉంది. ఎవరూ వాడక తుప్పు పట్టింది. ఇప్పుడు దాని కింద నేల తడిగా ఉంది. ఆ తడిలో చెప్పుల్లేని కాళ్ల ముద్రలు. పక్కన ఒక స్టీలు గిన్నె, అందులో తుప్పు రంగు నీళ్లు అడుగంటా.

"ఎవరు? ఎవరున్నరు లోపల?"

వంటశాల తలుపు వెనక నుంచి దగ్గు వినపడింది. ఫోనులో దగ్గు లాంటిది కాదు, అదుపు లేని దగ్గు. తర్వాత ముసలి గొంతు.

"రాకు బిడ్డా, దగ్గరికి రాకు. నాకు పానం మంచిగ లేదు."

ఆమె పేరు సమ్మక్క. ఆ హాస్టల్ మెస్సులో ఏళ్ల తరబడి చపాతీలు చేసింది. నల్లకుంటలో ఒక గదిలో అద్దెకు ఉండేది. లాక్‌డౌన్ పెట్టిన నాలుగైదు రోజులకే జ్వరం, దగ్గు పట్టుకుంటే ఇంటివాళ్లు భయపడి గదిలోకి రానీయలేదు. బస్సుల్లేవు, చుట్టాలు లేరు. తెలిసిన చోటు ఇంకొకటి ఇదే కాబట్టి నడిచి నడిచి ఇక్కడికొచ్చింది. వంటశాల వెనక తలుపు గడియ సరిగ్గా పడదని ఆమెకు తెలుసు. లోపల మిగిలిన అటుకులు, పుట్నాలు తిని, కుళాయిలకు నీళ్లొచ్చే వాల్వు మూసేసి పోయారు కాబట్టి గోడ వెంట పొర్లే నీళ్లు పట్టుకుని తాగింది.

"మొన్న నేనొచ్చి పిలిస్తే ఎందుకు పలకలే అవ్వా?" అని అడిగాడు దివాకర్.

"దవాఖానకు తోలుకపోతరనుకున్న. పోయినోళ్లు మళ్ల రాలేదంట గదా. సప్పుడు జేయకుంట కూసున్న." కాసేపు దగ్గి అంది, "గా తెల్లారే నీళ్లు ఆగిపోయినయ్. ఎవరో బంద్ జేసిన్రు. ఇగ ఈ బోరింగు కొట్టిన. శాతనైతలేదు బిడ్డా, నాలుగు కొడితే కండ్లకు చీకట్లొస్తున్నయ్."

"నేనే బంద్ చేసిన అవ్వా," అన్నాడు దివాకర్. "మనుషులు లేరనుకున్న."

ఆమె తలుపు సందులోంచి ఆయన వైపు చూసింది. "మంచినీళ్లున్నయా?" అని మాత్రం అడిగింది.

తన సీసా తలుపు ముందు పెట్టి, దూరం జరిగి, శైలజకు ఫోన్ చేశాడు. విన్నంతసేపు ఆమె నోరెత్తలేదు. పెళ్లయినప్పటి నుంచి శైలజ అంతసేపు మాట్లాడకుండా ఉన్నది ఆ ఒక్కసారేనని ఆయన అంటాడు. తర్వాత గబగబా చెప్పింది. "మీద రేకుల రూము ఖాళీగున్నది. మూతికి ఏదన్న కట్టి తీస్కరా. జావ పొయ్యి మీద పెడుతున్న."

స్కూటర్ వెనక సమ్మక్కను కూర్చోబెట్టుకుని బయల్దేరాడు. పడిపోతుందేమోనని తన తువ్వాలతో ఆమెను నడుముకు కట్టుకున్నాడు. తార్నాక చౌరస్తాలో ఎర్ర దీపం పడింది. ఆగాడు.

"ఎవల కోసం ఆగినవ్ బిడ్డా?" అంది వెనక నుంచి.

దీపం పచ్చగా మారేదాకా ఇద్దరూ ఆ ఖాళీ చౌరస్తాలో కూర్చున్నారు.

ఆమెకు వచ్చింది కరోనానో కాదో ఎవరికీ తెలియలేదు. శైలజకు తెలిసిన డాక్టరమ్మ ఫోనులోనే మందులు చెప్పింది. రేకుల గది గుమ్మం దగ్గర గిన్నె పెట్టి శైలజ మెట్ల మీదికి దిగి నిలబడేది. అక్కడి నుంచే ఇద్దరూ గంటలు గంటలు మాట్లాడుకునేవాళ్లు. ఎండలు ముదిరేసరికి సమ్మక్క లేచి తిరిగింది. తర్వాత మెస్సు తెరిచినా ఆ గది వదల్లేదు. ఇప్పటికీ నా గది పక్క గది ఆమెదే.

ఊరు నెమ్మదిగా బయటికొచ్చింది. గీతకు మళ్లీ నూగు మొలవడం దివాకర్ రోజూ చూశాడు. మెట్రో నడిచిన రోజు శ్రీనివాసులు సారుకు ఫోన్ చేసి, "మనం వచ్చినం సార్" అన్నాడు. సముద్రం ఊపు, దూరపు ముడతలు ఆ గజిబిజిలో మునిగిపోయాయి.

అంతటితో అయిపోతే బాగుండేది. మరుసటి ఎండాకాలం కరోనా రెండోసారి వచ్చినప్పుడు దివాకర్‌కే పట్టుకుంది. ఆక్సిజన్ పెట్టి చాలా రోజులు ఆస్పత్రిలో ఉంచారు. శైలజ నిద్రాహారాలు మానేసి ఆస్పత్రి బయట కూర్చుంటే, ఇంటిని, ఇంటర్ చదివే కూతురు పూజను సమ్మక్క చూసుకుంది. ఆయన బతికి బయటపడ్డాడు. ఇంటికొచ్చాకే శ్రీనివాసులు సారు పోయిన సంగతి చెప్పారు. హబ్సిగూడ ఇంట్లోంచి తీసుకుపోయారట, ఎవరూ వెంట లేరట.

నడవడానికి కాళ్లలో సత్తువ రాగానే దివాకర్ గుట్ట దగ్గరికి పోయాడు. అన్ని రోజులూ ఆ గది తలుపు తీసినవాళ్లు లేరు. తాళం తీస్తుండగానే లోపల గర్రు గర్రుమని చప్పుడు. లైటు వేశాడు.

పీపా తిరుగుతోంది. పెన్ను గీస్తోంది. కాగితం ఎప్పుడో నిండిపోయింది. అంచుకు చేరిన పెన్ను, జరగడానికి చోటు లేక, ఒకే గీత మీద మళ్లీ మళ్లీ గీసింది. రోజు మీద రోజు పడి అక్కడ తారులాంటి నల్లటి పట్టీ కట్టింది. తర్వాత సిరా అయిపోయింది. అయినా ఆగలేదు. పొడి ములికితోనే గీకి గీకి, కాగితాన్ని కోసి, కింద పీపా రేకును చెక్కుతోంది.

ఊళ్లో అంబులెన్సులు పరుగెత్తిన రోజులు, తాను ఊపిరి కోసం కొట్టుకున్న రోజులు, సారు పోయిన రోజు, అన్నీ ఆ పట్టీలోనే ఉన్నాయి. ఏది ఏదో విడదీయడానికి వీల్లేదు. దివాకర్ పెన్నును రెండు వేళ్లతో పైకెత్తి పట్టుకున్నాడు. గాలిలో కూడా అది సన్నగా వణుకుతూనే ఉంది.

సారు స్థానంలోకి వచ్చిన గిరీష్ చిన్నవాడు, మర్యాద తెలిసినవాడు. దివాకర్ బాధపడుతున్నాడనుకుని ఓదార్చాడు. "ఫికర్ చెయ్యకండి అన్నా. కొత్త మెషిన్‌ల డేటా మొత్తం ఉన్నది. ఒక్క సెకను కూడ పోలే."

"సారు పోయిన రోజు చూపిస్తవా?" అని అడిగాడు దివాకర్.

గిరీష్ కంప్యూటర్లో తెరిచాడు. రెండో లాక్‌డౌన్ రోజులవి, ఆ రోజు గీత మళ్లీ సన్నగా, నున్నగా ఉంది. దివాకర్ కొస నుంచి కొస దాకా చూశాడు. హబ్సిగూడలో ఒక ఇంటి తలుపు మూసుకున్న గుర్తు కోసం వెతికాడు కాబోలు. సముద్రం ఊపు తప్ప ఏమీ లేదు.

పాత యంత్రాన్ని ఆ నెలలోనే ఆపేశారు. దివాకర్‌ను ఆఫీసుకు మార్చారు. ఆ గదికిప్పుడు రోజూ పోయే పని ఎవరికీ లేదు. కొత్త యంత్రం తనంతట తానే వింటుంది, తనంతట తానే పంపుతుంది. కరెంటు పోతే బ్యాటరీ మీద నడుస్తుంది. అది పంపింది ఎవరైనా తెరిచి చూశారా లేదా అన్నది దానికి పట్టదు.

పోయిన ఏడాది బ్యాటరీ మార్చాలని గిరీష్ తోడు పిలిస్తే ఆయన పోయాడు. తలుపుకు అడ్డంగా సాలెగూడు, చెదరకుండా ఉంది. లోపల చీకట్లో ఒక పచ్చ చుక్క వెలిగి ఆరుతోంది. పని త్వరగానే అయిపోయింది.

"పోదామా అన్నా? ఆకలైతున్నది. హబ్సిగూడల దోశె తిందాం" అన్నాడు గిరీష్.

"నువ్వు నడువు. తాళం వేసొస్తా."

తాళం వేశాక దివాకర్ తలుపుకు చెవి ఆనించాడట. అలవాటు. లోపల నుంచి ఏ చప్పుడూ లేదు. కొత్తదానికి చప్పుడు ఉండదు. కానీ తన అడుగులు, తలుపుకు ఆనిన తన బరువు, బహుశా తన ఊపిరి కూడా ఆ క్షణాన లోపల గీతలోకి ఎక్కుతున్నాయని ఆయనకు తెలుసు. అవతల గిరీష్ బండి స్టార్ట్ చేసి హారన్ కొట్టాడు. దివాకర్ దానికి వినపడకూడదన్నట్టు వీలైనంత మెల్లగా, కాలి వేళ్ల మీద నడుచుకుంటూ బండి వైపు పోయాడు.